కోర్టు బంద్ ఉన్న ఆదివారాలు

మా వాళ్లలో ఈ సంగతి మూడు రకాలుగా చెప్పుకుంటారు. మొదటిది కొడకండ్ల వైపు మా చుట్టాలది: సొంత అక్కే బోనెక్కి తమ్ముడికి ఎదురు చెప్పింది, అందుకే బిడ్డ తండ్రికి దక్కలేదు. రెండోది భూపాలపల్లిలో మా తమ్ముడి దోస్తులది: జడ్జి ఆంధ్రా ఆమె, తెలంగాణ ఉద్యమంలో ఉన్నవాడి మీద కసి తీర్చుకుంది. మూడోది చదువుకున్నవాళ్లది, మా కాలేజీ స్టాఫ్ రూములో ఇప్పటికీ వినపడేది: కోర్టులు ఎప్పుడైనా తల్లికే ఇస్తాయి మేడం, తండ్రులు ఊరికే చెప్పులరిగేలా తిరుగుతారు.

మూడూ తప్పే. ఇవి చెప్పేవాళ్లలో ఒక్కరు కూడా ఆ రోజు కోర్టు హాల్లో లేరు. నేనున్నాను. అసలు జరిగింది ఇంతకంటే చిన్నది, అందుకే ఎవరికీ రుచించదు. కసి తీర్చుకున్నారంటే వినడానికి బాగుంటుంది. ఒక మనిషి రావలసిన రోజున రాలేదంటే ఏముంటుంది అందులో?

నేను జనగామ ప్రభుత్వ జూనియర్ కాలేజీలో పౌరశాస్త్రం చెప్తాను. నోరు పెద్దదని పేరు. ఆ పేరు ఊరికే రాలేదు, సంపాదించుకున్నాను. మా తమ్ముడు నాకంటే ఆరేళ్లు చిన్న. భూపాలపల్లిలో బొగ్గుబాయిలో పని. గనిని మా వైపు బాయి అనే అంటాం. బాయిలో చెయ్యి దెబ్బ తగిలి దవాఖానకు కట్టు కట్టించుకోవడానికి పోయినవాడు, కట్టు విప్పే రోజుకు అక్కడి నర్సుతో పెళ్లి మాట ఖాయం చేసుకొచ్చాడు. ఆ పిల్లది మానుకోట దగ్గర తండా. మహబూబాబాదును మేం మానుకోట అనే పిలుస్తాం. ఇంట్లో వాళ్లది లంబాడీ భాష, మాది తెలుగు. ఇద్దరూ చిల్పూరు గుట్టెక్కి దేవుడి ముందు దండలు మార్చుకున్నారు. మా వైపు నుంచి ఆ పెళ్లికి పోయినదాన్ని నేనొక్కదాన్నే. మా అమ్మ నెల రోజులు నాతో మాట్లాడలేదు. ఆ తర్వాత మనవరాలు పుట్టేసరికి కొడుకు క్వార్టర్‌కు తనే మూట సర్దుకుని వెళ్లిపోయింది.

వాళ్లు ఎందుకు విడిపోయారో కూడా చెప్పేస్తాను, లేకపోతే మీరే ఏదో ఒకటి ఊహించుకుంటారు. తాగడు. కొట్టడు. ఇంకో ఆడమనిషి లేదు. తండా నుంచి వియ్యంకులు మనవరాలిని చూడడానికి వచ్చినప్పుడల్లా మా అమ్మ వాళ్లకు విడిగా పెట్టిన రెండు గ్లాసుల్లోనే నీళ్లిచ్చేది. మరదలు చూస్తూ ఊరుకునేది. తమ్ముడు పేపరు అడ్డం పెట్టుకునేవాడు. ఒకరోజు తాత రాగానే ఐదేళ్ల పిల్ల పరుగెత్తుకుపోయి ఆ గ్లాసునే తెచ్చి, "తాతా, గిది మీది" అని చేతికిచ్చింది. ప్రేమగానే ఇచ్చింది పాపం. మరదలు ఆ సాయంత్రమే పిల్లను తీసుకుని మానుకోట బస్సెక్కింది. మానుకోట దవాఖానలో ఉద్యోగం చూసుకుని, తల్లిదండ్రుల దగ్గర తండాలోనే ఉండిపోయింది.

మా తమ్ముడు రెండుసార్లు పోయి బతిమాలాడు. అమ్మను వాడు అవ్వ అంటాడు. "మా అవ్వను ఊరికి పంపిస్త, నువ్వు రా" అన్నాడట. ఆమె, "మీ అవ్వతోని నాకు పంచాయితీ లేదు, నీతోనే ఉంది" అన్నదట. నేను ఆమె పక్షమే అన్నాను. అంతమాత్రాన తమ్ముడి మీద ప్రేమ లేదా? ఉంది. ఈ రెండూ ఒక మనిషిలో ఉండవని అనుకునేవాళ్లతో నాకు వాదించే ఓపిక లేదు.

పిల్ల లేకుండా వాడు ఉండలేకపోయాడు. అది నేను కళ్లారా చూశాను. బాయి దోస్తులు వాడికి ఒక ధైర్యం చెప్పారు: ఐదేళ్ల దాకనే తల్లి హక్కు, ఐదు దాటినంక పిల్ల తండ్రిదే, కోర్టుకు పోతే చేతుల పెట్టి పంపిస్తరు. వాడు నమ్మి మానుకోటలో కేసు వేశాడు. పిల్ల ఉండేచోటే వెయ్యాలని వకీలు చెప్పాడు కాబట్టి అక్కడ. మొదటి రోజే ఆ వకీలు వాడి గాలి తీశాడు.

"తండ్రే గార్డియన్ అని చట్టంల ఉన్నమాట నిజమే తమ్మీ. గని పిల్ల ఎవరి తాన ఉండాలన్నది వేరే ముచ్చట. గది హక్కు మీద తేలది. పిల్లకు ఎక్కడ మంచిగుంటదో దాని మీద తేలుతది."

"నా దగ్గరనే మంచిగుంటది సార్. క్వార్టర్ ఉంది, పక్కనే బడి ఉంది, దవాఖాన ఉంది. ఆ తండాల ఏముంది?"

"తల్లి ఉంది గద," అన్నాను వెనకనుంచి.

"అక్కా, నువ్వెవరి తరఫున వచ్చినవే?"

వకీలు పకపకా నవ్వాడు. నేను నవ్వలేదు.

జడ్జి గారు ముందు ఒక ఏర్పాటు చేశారు. కేసు తేలేదాకా పిల్ల తల్లి దగ్గరే ఉంటుంది, రెండు వారాలకో ఆదివారం తండ్రి చూసుకోవచ్చు. ఎక్కడ చూసుకోవాలన్న దగ్గర మళ్లీ తగువు. తండాకు నేను పోనన్నాడు తమ్ముడు. క్వార్టర్‌కు నేను పంపనన్నది మరదలు. కోర్టు వరండాలో అయితే పిల్ల బెదురుతుందని జడ్జి గారే వద్దన్నారు. అప్పుడు మరదలు లేచి, "జనగామల మా వదినె ఇంట్లయితే నాకేం అభ్యంతరం లేదు" అన్నది. తమ్ముడు నావైపు తిరిగి చూశాడు. ఇద్దరికీ ఒప్పుదలైన మనిషిని నేనొక్కదాన్నే మిగిలానన్నమాట. అదేమీ గొప్ప పదవి కాదు. ఇద్దరి తిట్లూ తినే పదవి.

ఆదివారం పొద్దున మరదలు పిల్లను రైల్లో కాజీపేట మీదుగా తెచ్చి, మా గేటు దగ్గర దింపి, స్టేషన్ దగ్గర తన తోటి నర్సు ఇంటికి వెళ్లిపోయేది. తమ్ముడు పరకాల, హన్మకొండ మీదుగా బస్సులు మారి వచ్చేవాడు. శనివారం రాత్రి షిఫ్టు దిగి, స్నానం చేసి, నిద్ర లేకుండా వచ్చిన రోజులే ఎక్కువ. ఎంత కడిగినా రెప్పల అంచుల్లో బొగ్గు నలుపు మిగిలిపోయేది. "అత్తమ్మా, బాపు కాటిక పెట్టుకుండు సూడు" అని పిల్ల పకపకా నవ్వేది. వాడు జడ వేస్తానని కూర్చుని, ఒకవైపు మందం, ఒకవైపు సన్నం చేసి, ఆ జడతోనే పిల్లను బజారంతా తిప్పేవాడు. మధ్యాహ్నం తిన్నాక వాడి పొట్ట మీద తల పెట్టుకుని అది పడుకునేది. వాడు కదిలితే లేస్తుందని చెయ్యి తిమ్మిరెక్కినా కదిలేవాడు కాదు. సాయంత్రం తల్లి వచ్చేసరికి తండ్రీబిడ్డలిద్దరూ గేటు దగ్గర కొట్లాడుకునేవాళ్లు: "ఎల్లుండి రా", "ఎల్లుండి కాదే, వచ్చేది కాక ఆ పై ఆదివారం", "ఎల్లుండే రా". ఇంటికొచ్చి మాట్లాడిపోయిన కోర్టు కౌన్సిలర్ ఆమె కూడా నాతో అన్నది, పాపకు తండ్రి దగ్గర మంచి చేరిక ఉందండీ, జడ్జి గారు ఇది చూస్తారు అని. వాడికి గెలిచే దారి ఉండింది. ఇది గుర్తు పెట్టుకోండి.

అప్పుడు సకల జనుల సమ్మె వచ్చింది. బాయిలు బంద్, బస్సులు బంద్, బళ్లు బంద్, ఆఫీసులు బంద్. వకీళ్లయితే అంతకు ముందునుంచే కోర్టులను బహిష్కరిస్తూ, మధ్యలో కొన్నాళ్లు పోతూ, మళ్లీ బహిష్కరిస్తూ ఉన్నారు. సమ్మె మీద నాకు కోపం అనుకునేరు. మా చౌరస్తాలో దీక్ష టెంటు కింద రోజూ కూర్చున్నదాన్నే. రోడ్డు మీద వంటావార్పు నాడు అంత పెద్ద గంగాళంలో పులిహోర కలిపిన చేతులు ఇవే. సినిమాల్లో మన మాటను వెకిలి వేషాలకూ, పనిమనుషులకూ పెట్టి నవ్వించినన్నాళ్లు పళ్లు కొరుక్కున్న తరం మాది. రాష్ట్రం రావాలని వాడు ఎంత కోరాడో నేనూ అంత కోరాను.

సమ్మె మొదలైన తర్వాత వచ్చిన మొదటి ఆదివారం పిల్ల వచ్చింది, తండ్రి రాలేదు. రైళ్లు అప్పుడొకటి అప్పుడొకటి నడుస్తున్నాయి. పదకొండు దాటాక ఫోన్ చేశాను.

"ఏడున్నవ్‌రా?"

"టెంట్ల ఉన్ననే అక్కా."

"టెంట్ల ఉంటే ఇక్కడికి ఎవరు రావాలె? పిల్ల గేటు పట్టుకొని నిలవడ్డది."

"నేను సమ్మెల ఉన్న గదా."

"అయితే?"

"అయితే ఏందే? కోర్టు బంద్ ఉన్నది. మన వకీలు సాబే చెప్పిండు, ఏ కాయితం కదలది, ఏది ఉన్నదో గట్లనే ఉంటదని. కోర్టే బంద్ ఉన్నప్పుడు కోర్టు ఇచ్చిన ఆదివారం ఎట్ల నడుస్తది? నేను పోతే బహిష్కరణను నేనే తెంపినట్టు గాదా?"

"పిచ్చోడా, వకీళ్లు బంద్ పెట్టింది వాళ్ల పనిని. నీ పిల్లను కాదు. ఆర్డరు ఆర్డరే. బస్సు లేకుంటే ఎవని బండి మీదనన్న రా" అన్నాను.

"అక్కా, జీతం ఇడిసిపెట్టిన. అందరం ఇడిసిపెట్టినం. బాయికి పోతలేం, ఇంటికాడ పొయ్యి సక్కగ మండుతలేదు. నేనొక్కన్ని ఆదివారం రాంగనే తయారై బిడ్డ తానికి పోతే ఈళ్లంత ఏమనుకుంటరు? కొన్ని దినాలు సూడకుంటే ఏమైతది? ఆమె గూడ తెలంగాణ బిడ్డనే గద. అర్థం జేసుకుంటది."

పక్కనుంచి ఎవరో జై కొట్టారు. వాడి గొంతులో గర్వం ఉంది. బిడ్డను చూసుకోవడాన్ని కూడా ఉద్యమానికి ఇచ్చానని వాడు టెంటులో అందరికీ చెప్పుకున్నాడని తర్వాత తెలిసింది. ఇట్లాంటి పొరపాటు మా వాళ్లే చేస్తారు. వాడు త్యాగం అనుకున్నాడు. నిజంగానే అనుకున్నాడు. అందుకే ఇన్నేళ్లయినా వాణ్ని పూర్తిగా తిట్టలేకపోతున్నాను.

పిల్లకు నేనే చెప్పాల్సి వచ్చింది. "బాపు సమ్మెల ఉండు బిడ్డా."

"సమ్మె అంటే?"

"పనికి పోకుండుడు."

ఆలోచించింది. "పని లేకుంటే ఖాళీనే గద అత్తమ్మా. మరి రావొచ్చు గద?"

పౌరశాస్త్రం ఎంఏ చదివిన నేను ఆ ప్రశ్నకు చపాతీ చేసి పెట్టాను.

తర్వాతి ఆదివారం కూడా అంతే. ఆ సాయంత్రం మరదలు వచ్చి గడపలో కూలబడింది. "వదినె, ఉన్నమాట చెప్తున్న. ఆయన రాకుంటే నాకు సంబురమే అనుకున్న. మా వకీలు గూడ చెప్పిండు, నువ్వు మాత్రం తప్పకుండ తీస్కపో, ఆయన రాకుంటే మనకే మంచిదని. గందుకే తెచ్చిన. గని పొద్దటిసంది ఇది గేటు ఇడవలేదంటున్నవ్ గద..." అని పిల్లను దగ్గరికి తీసుకుంది. పిల్ల తల్లి కొంగు పట్టుకుని లంబాడీలో ఏదో అడిగింది. ఆమె అదే భాషలో జవాబు చెప్పింది. నాకు ముక్క అర్థం కాలేదు. బళ్లు మూసి ఉన్నాయి కాబట్టి పిల్ల రోజంతా తండాలో తన ఈడు పిల్లల వెంటే తిరుగుతోంది, ఆ మాట నోటికి బాగా పట్టింది.

"అమ్మ" పోయి "యాడీ" వచ్చింది. తప్పేముంది? తల్లి భాష. ఆ రాత్రి ఫోన్‌లో ఆ కోపం కూడా తమ్ముడి మీదే తీర్చుకున్నాను. "మన మాటకు మర్యాద లేదని రోడ్డు మీద కూసున్నవ్. నీ పెండ్లాం మాట ఏడేండ్లల్ల ఒక్కటన్న నేర్చినావ్‌రా?" అన్నాను. వాడు "పెట్టేస్తున్న" అని పెట్టేశాడు.

మూడో ఆదివారం పిల్ల గేటు దగ్గర నిలబడలేదు. రాగానే లోపలికొచ్చి, మంచం కిందికి దూరి, నా స్టీలు డబ్బాలన్నీ ముందేసుకుని ఆడుకుంది. మధ్యాహ్నం తమ్ముడే ఫోన్ చేశాడు.

"బిడ్డకు ఇయ్యి అక్కా."

ఫోన్ మంచం కిందికి చాపాను. పిల్ల రెండు చేతులూ వెనక్కి పెట్టుకుంది. "నేను లేనని చెప్పు అత్తమ్మా!" అని అరిచింది. వీధి చివరికి వినపడేంత గట్టిగా.

అవతల వాడు నవ్వాడు. "అలిగిందానే? అలగనీ. వచ్చినంక నేను సూసుకుంట. గీ పొట్ట మీద పండవెట్టుకుంటే అలక ఎంతసేపు?"

"నేను లేను! నేను లేనే లేను!" అని పిల్ల డబ్బా మూతతో నేల మీద కొట్టింది. అది కావాలని వాడికి వినపడేలా అరుస్తోందని నాకు తెలుసు. వాడికీ తెలుసు.

సమ్మె అయిపోయింది. బాయిలు తెరిచారు, బస్సులు తిరిగాయి, వకీళ్లు మళ్లీ నల్లకోట్లు తొడిగారు. మానుకోట కోర్టులో పేరుకుపోయిన కేసులన్నీ జడ్జి గారు వరసగా పిలవడం మొదలుపెట్టారు. పిల్లల కేసులు ఆగకూడదని వాటిని ముందుకు జరిపారు. మంచి ఉద్దేశమే. దాంతో ఏమైందంటే, తర్వాతి ఆదివారం రాకముందే మా వాయిదా వచ్చింది. తండ్రీబిడ్డలు అప్పటికింకా కలుసుకోలేదు.

జడ్జి గారిది గోదావరి వైపు మాట. అంతవరకు నిజం. మిగతాది భూపాలపల్లి వాళ్లు కల్పించుకున్నది. ఆమె మా తమ్ముణ్ని అడిగిన ప్రశ్నలు నేను విన్నాను. పాపకు జ్వరం వస్తే ముందు ఏం పెడతారు? ఏం తినదు? దేనికి భయపడుతుంది? నైట్ షిఫ్టు ఉన్న వారం పాపను ఎవరు పడుకోబెడతారు? వాడు అన్నిటికీ చెప్పాడు. వంకాయ తినదని, ఉరుముకు భయపడదు గాని బాయి సైరన్‌కు చెవులు మూసుకుంటదని, పడుకునేటప్పుడు పక్కవాళ్ల చెవి పట్టుకుంటదని. ఆమె నవ్వి రాసుకున్నారు. మరదల్నీ అట్లాగే అడిగారు. నీకు నైట్ డ్యూటీ పడితే ఎవరు చూస్తారు, తండాలో బడి ఎంత దూరం, తండ్రి గురించి పాపతో ఏం చెప్తావు అని. "ఆయన మంచోడే అని చెప్త మేడం" అన్నది మరదలు. మా తమ్ముడు తల వంచుకున్నాడు. గ్లాసుల సంగతి రెండు వైపులా ఎవరూ ఎత్తలేదు. ఎవరు ఎవరిని బాధపెట్టారన్నది ఆ హాల్లో లెక్కలోకి రాదని నాకు అప్పుడే అర్థమైంది.

తర్వాత మరదలి వకీలు లేచాడు. ఆయనా, మా వకీలూ మానుకోట టెంటులో పక్కపక్కనే కూర్చున్నవాళ్లు.

"సమ్మె రోజుల్లో మీరు పాపను చూడడానికి వెళ్లారా?"

"పోలే సార్."

మా వకీలు లేచి, "బస్సులు లేవు యువరానర్" అన్నాడు. తమ్ముడికి ఈ జవాబు ముందే నేర్పించి పెట్టాడు. వాడు ఒక్క "అవును సార్" అంటే సరిపోయేది.

"బస్సుల సంగతి గాదు సార్," అన్నాడు మా తమ్ముడు. "దోస్తులు బండి ఇస్తమన్నరు. నేనే పోలే. కోర్టు బంద్ ఉన్నది, బంద్ అంటే అన్నీ బందే అనుకున్న. మీరు గూడ టెంట్లనే ఉంటిరి గద సార్?"

హాల్లో ఎవరో కిసుక్కుమన్నారు. మా వకీలు నుదురు రుద్దుకున్నాడు. ఎదుటి వకీలు మాత్రం నవ్వలేదు. "నేను సమ్మెలో ఉండి కూడా ప్రతి సాయంత్రం మా పిల్లల దగ్గరికే పోయాను బాబూ" అన్నాడు మెల్లగా. ఆ మాట నాకు ఇప్పటికీ ముల్లులా గుచ్చుకుంటుంది.

పిల్లను అప్పగించేది మా ఇంట్లోనే కాబట్టి తర్వాత నన్ను పిలిచారు.

"ఆ మూడు ఆదివారాలు పాప తండ్రి మీ ఇంటికి వచ్చారా?"

"రాలేదు. ఎందుకు రాలేదంటే..."

"అడిగిందానికే చెప్పండి మేడం."

"అడగాల్సింది మీరు అడగకుంటే నేనే చెప్పాలె గద!"

జడ్జి గారు చెయ్యెత్తి, "చెప్పనివ్వండి" అన్నారు. చెప్పాను. ఫోన్లో వాడన్న మాటలన్నీ చెప్పాను, పిల్ల అలిగి మంచం కింద దూరిందని చెప్పాను. ఆమె శ్రద్ధగా విని, "అంటే రాగలిగి కూడా రాలేదు. అంతేనా అమ్మా?" అన్నారు.

"అంతే. కాని బిడ్డను వద్దనుకుని కాదు."

"అది నేను ఆలోచిస్తాను."

ఇదీ నేను తమ్ముడికి ఎదురు చెప్పిన సాక్ష్యం. రాని మనిషిని వచ్చాడని చెప్పాలా? కొడకండ్లలో ఎవరైనా అట్లా చెప్పే అక్క ఉంటే, ఆమెను పిలుచుకొచ్చి బోనులో నిలబెట్టుకోమనండి.

భోజనాల తర్వాత పిల్లను జడ్జి గారు తన గదిలోకి పిలిచారు. తల్లి లేదు, తండ్రి లేడు, వకీళ్లు లేరు. తలుపు దగ్గరకు వేశారు. వరండాలో బెంచీకి ఈ చివర తమ్ముడు, ఆ చివర మరదలు, మధ్యలో నేను. అన్ని వారాల తర్వాత బిడ్డను వాడు చూసింది అప్పుడే, గదిలోకి పోతుంటే. "బిడ్డా" అన్నాడు. అది మూతి తిప్పుకుంది. చాలాసేపటికి తలుపు తెరుచుకుంది. పిల్ల చేతిలో ఒక బిస్కెట్ ప్యాకెట్. నేరుగా తల్లి దగ్గరికి పోయి ఒళ్లో కూర్చుంది. తీర్పు తర్వాత ఇస్తామన్నారు.

ఆ ఆదివారం తమ్ముడు మా ఇంటికి తెల్లారకముందే వచ్చాడు. పిల్ల వచ్చింది. పొద్దున చాలాసేపు వాణ్ని చూడనట్టే తిరిగింది. వాడు మంచం కిందికి దూరి, ఆ డబ్బాలు ముందు పెట్టుకుని, "నేను గూడ లేను" అన్నాడు. పిల్ల వంగి మంచం కిందికి చూసింది. తర్వాత నవ్వు వినపడింది. మధ్యాహ్నానికి పొట్ట మీద తల పెట్టి, వాడి చెవి పట్టుకుని పడుకుంది. సాయంత్రం మళ్లీ "ఎల్లుండి రా" అన్నది. వాడు గేటు పట్టుకుని ఏడ్చాడు.

నేను మర్నాడే మానుకోట పోయి వకీలు ముందు కూర్చున్నాను. "పిల్ల కోపం పోయింది. జడ్జి గారిని ఇంకొక్కసారి పిలిచి మాట్లాడమనండి."

"వాదనలు అయిపోయినయ్ మేడం. తీర్పు రాస్తున్నరు."

"రాయలేదు గదా ఇంకా!"

"మేడం, పిల్ల ఒకనాడు కోపానికి వస్తది, ఒకనాడు ప్రేమకు వస్తది. ఆమె ఎన్నిసార్లు పిలవాలె?"

"ఎన్నిసార్లయితే తెలుస్తదో అన్నిసార్లు" అన్నాను. ఆయన టీ తెప్పించాడు.

తీర్పులో ఉన్నది ఇది. తల్లీ తండ్రీ ఇద్దరూ ప్రేమగలవాళ్లే. ఇద్దరికీ ఉద్యోగాలున్నాయి. ఇన్ని నెలలుగా పాప తల్లి దగ్గర, అక్కడి పిల్లల్లో, అక్కడి మాటలో కుదురుకుంది. తండ్రికి ఇచ్చిన అవకాశాన్ని ఆయన కొంతకాలం వాడుకోలేదు. తండ్రి దగ్గరికి వెళ్లనని పాప స్వయంగా చెప్పింది. కనుక పాప తల్లి దగ్గరే. తండ్రికి ఆదివారాలు యథాతథం, దసరా సెలవులు, వేసవిలో సగం. ఇందులో కసి ఎక్కడుంది? తల్లులకే ఇస్తారన్న గుడ్డి లెక్క ఎక్కడుంది? ప్రతి ముక్కా జరిగినదే. మరదలి దగ్గర పిల్ల బాగానే పెరిగింది, అది కూడా నిజం. అయినా చదివిన ప్రతిసారీ ఒక మాట దగ్గరికి మళ్లీ వెనక్కి పోతాను.

కుదురుకున్నదన్న ఆ నెలల్లో సగం కోర్టు నడవక గడిచినవి. ఆ సంగతి తీర్పులో లేదు. మేమందరం కలిసే నడవనివ్వలేదు కాబట్టి ఎవరిని అనాలో తెలియదు.

పై కోర్టుకు పొమ్మని నేనే తమ్ముడి వెంటపడ్డాను. వాడు బాయికి పోయేముందు బూట్లు తొడుక్కుంటూ విన్నాడు. "వద్దక్కా. మళ్ల పిల్లను గదిల కూసోవెట్టి, అమ్మ కావాల్నా బాపు కావాల్నా అని అడుగుతరు. మళ్ల అది ఒగరిని వద్దనాలె. నేను ఓడిపోయిన్నని రాసుకోనీ. గది అడుగుడు మాత్రం ఇంకోసారి వద్దు." తర్వాత ఏ ఆదివారమూ వాడు తప్పలేదు. జ్వరంతో ఒకసారి, బాయిలో కాలు బెణికి ఇంకోసారి వచ్చాడు. రాష్ట్రం వచ్చిన సంబురాల్లో ఊరంతా రోడ్ల మీద ఉన్న ఆదివారం కూడా, జేబులో గులాబీ రంగు పొడితో, మా గేటు దగ్గరే ఉన్నాడు.

ఆ పిల్ల ఇప్పుడు డిగ్రీ చదువుతోంది. తల్లితో ఆ భాషలో, తండ్రితో ఈ భాషలో గడగడా మాట్లాడుతుంది. ఆ రోజు జడ్జి గారి గదిలో ఏం జరిగిందని మొన్న అడిగాను. "యాదికి లేదు అత్తమ్మా. బిస్కెట్లు ఇచ్చింది, అంతే" అన్నది. నిజంగా యాదికి లేదో, వద్దనుకుంటోందో నాకు తెలియదు. ఆ జడ్జి గారు ఎప్పుడో బదిలీ మీద వెళ్లిపోయారు. ఎక్కడ ఉన్నారో తెలిస్తే పోయి, కొట్లాడడానికి కాదు, తెలుసుకోవడానికే అడుగుతాను: అమ్మా, మీకు వేల మంది మాటలు విన్న చెవులున్నాయి కదా, "బాపు దగ్గరికి పోను" అని ఆ పిల్ల అన్నప్పుడు అది మనసులో మాటా, వాడు వచ్చి బుజ్జగించాలని గట్టిగా అరిచిన అలకా అని మీరు ఎట్లా తేల్చుకున్నారు?